తల పట్టేంత కన్నం

మా నాన్నని అందరూ కన్నాల మేస్త్రి అంటారు. కొత్తవాళ్ళు ఆ మాట వినగానే చేతి గడియారం విప్పి జేబులో వేసుకుంటారు. నాన్న దొంగ కాదు. అక్రమంగా లేపిన అంతస్తులకి మున్సిపాలిటీ తరపున కన్నాలు కొట్టే కాంట్రాక్టు మేస్త్రి.

ఎవరో ఒక అంతస్తు ఎక్కువ కట్టారనుకోండి. కోర్టు కూల్చమంటుంది. నిజంగా కూల్చాలంటే పెద్ద మిషను కావాలి, పోలీసులు కావాలి, ఓనరు ఊళ్ళో ఉండకూడదు, ఓనరు బావమరిదికి పై వాళ్ళెవరూ తెలిసి ఉండకూడదు. ఈ నాలుగూ ఒకే రోజున కుదరడం గ్రహణం కన్నా అరుదు. అందుకని మున్సిపాలిటీ ఆ అంతస్తు పై స్లాబుకి మనిషి తల పట్టేంత కన్నం ఒకటి కొట్టించి, ఫొటోలు తీయించి, ‘సదరు అంతస్తును వాడకానికి పనికిరాకుండా చేయడమైనది’ అని రాసి ఫైలు కట్టేస్తుంది. పదిహేను రోజులు ఆగి ఓనరు కన్నం పూడ్పించుకుంటాడు. కొట్టేదీ నాన్నే, పూడ్చేదీ నాన్నే. మధ్యలో ఫొటోలు తీసేది నేను.

నా పని తక్కువేం కాదు. ఒక్క కన్నాన్ని తొమ్మిది వైపుల నుంచి తీస్తే భూకంపం వచ్చినట్టు ఉంటుంది. కింద పడుకుని ఆకాశంలోకి తీసిన ఫొటో ఒకటి చూసి పై ఆఫీసరు కళ్ళు తుడుచుకున్నాడు. పాత ఫైళ్ళ దుమ్ము పడి ఉంటుందని నాన్న అంటాడు.

నాన్నకి ఒకటే గర్వం. స్లాబులో రెండు రకాల రాడ్లు ఉంటాయి. బరువు మోసేవి కొన్ని, వాటిని కదలకుండా పట్టి ఉంచే అడ్డ రాడ్లు కొన్ని. నాన్న దూలం దగ్గర్నుంచి జానలతో కొలుచుకుంటూ వెళ్ళి ఒక చోట ఆగుతాడు. అక్కడ కొడితే అడ్డ రాడ్లే తగులుతాయి. వాటిని కటింగ్ మిషనుతో కోస్తాడు, పూడ్చే ముందు మళ్ళీ వెల్డింగ్ పెట్టిస్తాడు. ఇరవై రెండేళ్ళలో ఒక్క మోసే రాడ్డు కోసి ఎరగడు. పూడ్చాక స్లాబు మునుపటికన్నా గట్టిపడిందని, పక్కనే ఇంకొకటి కొట్టమని ఓనర్లు బతిమాలేవారని కూడా చెప్పగలను గానీ, అది నేను కల్పించింది. రాడ్ల సంగతి మాత్రం నిజం.

నిజమే, మొన్న వేసవి దాకా.

వేసవిలో ఇంకోటి గారి బిల్డింగుకి కన్నం పడింది. ఆయనకి ఆ పేరు ఎందుకొచ్చిందంటే, ఏది పూర్తయినా “ఇంకోటి వేద్దాం” అంటాడు. నాలుగు అంతస్తులకి పర్మిషను తీసుకుని ఐదోది వేశాడు. పక్కన రిటైరైన లెక్కల టీచరు గారి చిన్న ఇల్లు. ఐదోది లేచాక ఆవిడ వంటింట్లో మిట్టమధ్యాహ్నం లైటు వెయ్యాల్సొచ్చింది. పడగ్గది గోడ బీటలిచ్చింది. ఆవిడ నెలనెలా ఆ బీటకి స్కేలు పెట్టి కొలిచి పక్కన పెన్సిలుతో తేదీ రాసింది. నాలుగేళ్ళు రాసి, ఆ లెక్క పట్టుకుని కోర్టుకెళ్ళి గెలిచింది. కోర్టు ఐదో అంతస్తు కూల్చమంది. మున్సిపాలిటీ నాన్నని పంపింది.

నాన్న ఎప్పటిలాగే జానలు కొలిచాడు. కానీ ఇంకోటి గారు ఇనుము దగ్గర కూడా పొదుపు చేశాడు. జానెడుకొకటి ఉండాల్సిన రాడ్లు మూరెడుకొకటి ఉన్నాయి, అన్నీ ఒకే లావు. అడ్డ రాడ్డనుకుని నాన్న మిషను పెట్టాడు. కోశాక తెగిన కొసని వేలితో తడిమి, కన్నం పక్కనే కూలబడ్డాడు.

“ఏమైంది నాన్నా?”

“మోసే రాడ్డు పోయిందే.”

ఆ మాట ఇంకెవరికీ చెప్పలేదు. పూడ్చే రోజు వెల్డింగ్ మనిషి రాలేదు. ఇంకోటి గారు కుట్టుమిషన్ల కంపెనీకి ఐదో అంతస్తు అద్దెకి మాట్లాడేసుకుని, సిమెంటు పొయ్యమని నెత్తి మీద కూర్చున్నాడు. తర్వాత వచ్చి అతికిద్దామనుకుని నాన్న పోసేశాడు. ఆ తర్వాత అనేది రాలేదు. ఇంకో తమాషా ఏంటంటే, మా పిన్ని, అంటే అమ్మ చెల్లెలు, ఆ కుట్టు హాల్లోనే సూపర్‌వైజరుగా చేరింది. చేరొద్దని నాన్న గట్టిగా చెప్పాడు. ఎందుకు బావా అంటే నీళ్ళు నమిలాడు. గాలి సరిగ్గా రాదన్నాడు. పిన్ని టేబుల్ ఫ్యాను కొనుక్కుంది.

టీచరు గారు తన డాబా మీద నుంచి ఐదో అంతస్తులో మిషన్ల చప్పుడు విని మళ్ళీ కోర్టుకెళ్ళింది. పనికిరాకుండా చేశామని మున్సిపాలిటీ అబద్ధం రాసిచ్చిందంది. జడ్జి గారు ఒక లాయరమ్మని కమిషనరుగా వేశారు. అంటే జడ్జి గారి బదులు వచ్చి, కళ్ళతో చూసి, చూసింది చూసినట్టు రాసుకుపోయే మనిషి. ఆవిడ వచ్చే రోజు పొద్దున్నే ఏడింటికి ప్లానింగ్ ఆఫీసు సారు ఫోను చేశాడు.

“మేస్త్రీ, అదే కన్నం మళ్ళీ కావాలి. అదే చోట, అదే సైజు. పదకొండింటికి మేడం వస్తారు. చూసి వెళ్ళాక సాయంత్రం పూడ్చేద్దువు గానీ.”

తొమ్మిదిన్నరకి మేం బిల్డింగు పైన ఉన్నాం. నా చేతిలో వేసవిలో తీసిన ఫొటోల ప్రింట్లు. వాటిని చూసి అచ్చు అలాగే కొట్టాలట. ఇళ్ళకి ప్లాన్లు ఉంటాయి గానీ, ప్లానున్న కన్నం భూమ్మీద అదొక్కటే అయ్యుంటుంది.

ప్లానింగ్ సారు నీడ చూసుకుని నిలబడ్డాడు. ఇంకోటి గారు బెల్టు సర్దుకుంటూ మా ముందుకొచ్చాడు. నాన్న వాళ్ళిద్దరినీ చూడట్లేదు. పూడ్చిన చోటికి బారెడు దూరంలో నాలుగు ఇటుక దిమ్మల మీద నల్లటి నీళ్ళ ట్యాంకు కూర్చుని ఉంది. వేసవిలో అది లేదు.

“ఇదెప్పుడు పెట్టారు?” అన్నాడు నాన్న.

“పోయిన వారం. ఐదు వేల లీటర్లు. నిండా ఉంది. సరిపోకపోతే ఇంకోటి వేద్దాం” అన్నాడు ఇంకోటి గారు.

నాన్న మోకాళ్ళ మీద కూర్చుని తన సీసాలో నీళ్ళు కొంచెం స్లాబు మీద పోశాడు. వాన నీళ్ళు పోవడానికి తూము ఆ మూల ఉంది. నీళ్ళు అటు పోవాలి. పోలేదు. మెల్లిగా వెనక్కి తిరిగి, పూడ్చిన చోటికి వచ్చి ఆగాయి. పళ్ళెంలో నిలబడ్డట్టు నిలబడ్డాయి. పూడ్చిన అంచు నుంచి ట్యాంకు దిమ్మ దాకా వెంట్రుకంత సన్నటి చీలిక ఉంది. నాన్న అందులోకి గోరు పెట్టాడు. గోరు దిగింది.

నాన్న లేచి, మాకు మూడడుగులు వెనక్కి జరగమని చేత్తో చూపించాడు. తనూ జరిగాడు.

“సార్, ఇక్కడ కొట్టకూడదు.”

“ఎందుకు?”

నాన్న అతుకు మీంచి చూపు తిప్పి ట్యాంకు వైపు చూశాడు. మోసే రాడ్డు కోసిన మేస్త్రిని ఎవరూ గోడకి మేకు కొట్టడానిక్కూడా పిలవరు.

“బరువుంది సార్. ముందు ట్యాంకు ఖాళీ చేయించండి.”

“నీళ్ళు రెండ్రోజులకోసారి వస్తాయి మేస్త్రీ. కింద ముప్ఫై మంది ఆడవాళ్ళున్నారు, వాళ్ళకేం పొయ్యను?” అన్నాడు ఇంకోటి గారు.

“కింద ఉన్నారా ఇప్పుడు?”

“ఉన్నారు, యూనిఫాంల ఆర్డరుంది. మేడం వచ్చే ముందు గోడౌనులోకి దించేసి, మిషన్ల మీద దుప్పట్లు కప్పేస్తాం.”

ప్లానింగ్ సారు గడియారం చూసుకున్నాడు. “మేస్త్రీ, నువ్వు కొట్టకపోతే మేడం రాసుకునేదేంటో తెలుసా? కన్నం లేదు, ఫొటోలు దొంగవి అని. కన్నం కొట్టానని సంతకం పెట్టింది నువ్వు. ఫొటోలు తీసింది నీ కూతురు. కోర్టుకి అబద్ధం చెప్పినందుకు లోపలికెళ్ళేది ఎవరు? నేను నిన్ను ఎక్కడ కొట్టమన్నానో, ఎంత కొట్టమన్నానో కాగితం మీద ఉందా?”

కాగితం మీద లేదు. ఆయన ఏదైనా నోటితోనే చెప్తాడు. పెళ్ళానికి కూడా ఉత్తరం రాసి ఉండడు.

“నాకు నిజంగా పట్టదు సార్, ఎవరు లోపలికెళ్తే ఏంటి” అన్నాడు నాన్న. గొంతు మాత్రం అలా లేదు. నన్ను మెట్ల వైపు లాక్కెళ్ళి చెవిలో చెప్పాడు. “కిందకెళ్ళి అందర్నీ దింపెయ్. ముందు మీ పిన్నిని. పరిగెత్తించకు. అందరూ ఒకేసారి లేచి దబదబా అడుగులేస్తే అదీ బరువే.”

“నాన్నా, చెప్పెయ్ వాళ్ళకి.”

“నువ్వు వెళ్ళు.”

ఐదో అంతస్తు మెట్లు దిగడానికి పది సెకన్లు పడుతుంది. నాకు ఆ రోజు పదేళ్ళు పట్టింది. హాల్లోకి అడుగుపెడితే ముప్ఫై మిషన్లు ఒక్కసారే గొణుగుతున్నాయి. నీలం యూనిఫాం గుడ్డ కొండల్లా పడి ఉంది. మా పిన్ని హాలు మధ్యలో, సరిగ్గా ఆ అతుకు కింద బల్ల వేసుకుని కూర్చుంది. అక్కడ వెలుతురు బాగుంటుందట. టేబుల్ ఫ్యాను ఆవిడ మొహం మీదకే తిరుగుతోంది.

“రావే రా. ఈ గుడ్డ చూడు. పొద్దుట్నుంచి దులుపుతూనే ఉన్నాను, పిండి రాలుతూనే ఉంది. ఏం సున్నం వేశాడో మహానుభావుడు.”

నేను పైకి చూశాను. తెల్ల సున్నం మీద పూడ్చిన చోటు గుండ్రంగా తెలుస్తోంది. దాని చుట్టూ చీలిక గీసినట్టుంది.

“పిన్నీ, స్లాబు పడిపోయేట్టుంది. లే.”

ఇక్కడ నా గురించి ఒక మాట చెప్పాలి. నాకు అబద్ధం చెప్పేటప్పుడు నవ్వు రాదు. కుట్టు సూదుల మీద పన్ను వేశారని, ఇంటికి పన్నెండు సూదులే ఉంచుకోవాలని పోయిన నెల చెప్పినప్పుడు నా మొహం రాయిలా ఉంది. పిన్ని మిగతా సూదులన్నీ బియ్యం డబ్బాలో దాచింది. కానీ భయమేసినప్పుడు మాత్రం నాకు పళ్ళు బయటికొస్తాయి. ఇప్పుడు వచ్చేశాయి.

“చూడండే, ఎలా ఇకిలిస్తోందో” అంది పిన్ని పక్కావిడతో. “దీని మాట విని వారం రోజులు సూదులేరుకుని అన్నం తిన్నాం.”

“ఈసారి నిజం పిన్నీ. నాన్న పంపించాడు.”

“బావకి నా ఉద్యోగం మీద మొదట్నుంచీ కన్నే. అప్పుడు గాలి రాదన్నాడు, ఇప్పుడు కప్పు ఉండదంటాడా?”

ముందు వరసలో ఒకామె మిషను ఆపకుండానే అంది. “మా ఇంటి కప్పు కూడా పడిపోతోందమ్మా, ఓసారొచ్చి ఫొటో తీసిపెట్టు.” అందరూ నవ్వారు. పిన్ని భుజం మీద ఇంకొంచెం పిండి రాలింది. ఈసారి పిండిలో చిన్న రాయి కూడా ఉంది. బల్ల మీద పడి టక్కుమంది. మిషన్ల చప్పుడులో ఆ టక్కు నాకొక్కదానికే వినపడినట్టుంది.

నిజం పనిచెయ్యలేదు. నాకు చేతనైన పని ఇంకొకటే ఉంది.

మొహం రాయిని చేసుకున్నాను. “సరే, అసలు సంగతి చెప్తా. కోర్టు మేడం ముందే వచ్చేసింది, మెట్ల కింద ఉంది. ఈ అంతస్తులో ఎవరు కనపడితే వాళ్ళ పేరు కేసులో కలిపేస్తుందట. ఆక్రమణదారులని. పేరు, మొగుడి పేరు, వేలిముద్ర. ప్రతి వాయిదాకీ కోర్టుకి రావాలట, తొమ్మిదేళ్ళు. చప్పుడు చేస్తే పట్టుకుంటుంది, అందుకని చెప్పులు చేత్తో పట్టుకుని ఒక్కొక్కళ్ళే దిగమన్నారు.”

మిషన్లు ఆగిపోయాయి. ముప్ఫై మంది ఆడవాళ్ళు చెప్పులు చేత పట్టుకుని, పిల్లుల్లా, గోడ వారనే నడుచుకుంటూ మెట్లు దిగారు. ఒక్కళ్ళ అడుగు వినపడలేదు. కప్పు పడబోయే ఇంట్లోంచి మనుషులు అంత మర్యాదగా బయటికెళ్ళడం ఎక్కడా జరిగి ఉండదు.

పిన్ని మాత్రం కత్తెరలు లెక్కపెట్టుకుంటూ ఆగింది.

“పిన్నీ, కత్తెరలొద్దు.”

“తొమ్మిదేళ్ళు వాయిదాలైతే ఉద్యోగం పోతుంది, కత్తెరలు కూడా పోవాలా?” తలెత్తి నా మొహం చూసి ఆగిపోయింది. నాకు మళ్ళీ పళ్ళు బయటికొచ్చేశాయి, కళ్ళలో నీళ్ళు కూడా. ఆవిడ నన్నే చూసింది, తర్వాత పైకి చూసింది. కత్తెరలు అక్కడే పెట్టేసింది.

“బావ ఎక్కడున్నాడే?”

“పైనే.”

ఆవిణ్ణి గోడ వారగా నడిపించి మెట్ల మీద వదిలి నేను పైకి పరిగెత్తాను. సగం మెట్ల దగ్గర నా ముందు నల్ల కోటు కనపడింది. నేను చెప్పిన అబద్ధం అప్పటికే నిజమైపోయింది. లాయరమ్మ నలభై నిమిషాలు ముందుగా వచ్చేసింది. వెనకాల టీచరు గారు, చేతిలో స్టీలు స్కేలు. కోర్టు కాగితాల కన్నా ఆవిడ ఆ స్కేలునే గట్టిగా పట్టుకుంది.

పైన నాన్న సమ్మెట నేల మీద ఆనించి నిలబడ్డాడు. ఒక్క దెబ్బ కూడా వెయ్యలేదు. ప్లానింగ్ సారు మొహం మాడిపోయి ఉంది, కానీ కోటు కనపడగానే వెలిగిపోయింది.

“రండి మేడం. మేం వేసవిలోనే కన్నం కొట్టి వాడకానికి పనికిరాకుండా చేశాం. ఈ ఓనరు మాకు తెలీకుండా పూడ్చుకున్నాడు. తెలిసిన వెంటనే మళ్ళీ కొట్టిస్తున్నాం.”

ఇంకోటి గారు ఉలిక్కిపడ్డాడు. “నేనెక్కడ పూడ్చాను? మేస్త్రి పూడ్చాడు.”

“ఏ మేస్త్రి?” అంది లాయరమ్మ.

ఇద్దరూ నాన్న వైపు వేలు చూపించారు. వాళ్ళిద్దరూ ఒక మాట మీద నిలబడటం అదే మొదలు.

“కొట్టింది ఎవరు?”

మళ్ళీ అదే వేలు.

లాయరమ్మ ఫైల్లోంచి నా ఫొటో ఒకటి తీసి పట్టుకుని, అది ఎక్కడ తీసిందో పోల్చుకుంటూ ముందుకి నడిచింది. ఫొటోలో ఉన్న తూము, అక్కడి తూము. ఫొటోలో గోడ, ఇక్కడి గోడ. చూపు కాగితం మీద, కాలు స్లాబు మీద. నిలబడ్డ నీళ్ళ దాకా వచ్చేసింది.

“అమ్మా, ఆ అడుగు వెయ్యకండి.”

లాయరమ్మ కాలు గాల్లో ఆగింది. నాన్న గొంతు పెద్దదేం కాదు. కానీ ఇటుకలు మోసేవాణ్ణి దూరం నుంచి ఆపే గొంతు.

“ఎందుకు?”

నాన్న సమ్మెట కింద పడుకోబెట్టాడు. ఆ పని చాలా నిదానంగా చేశాడు, ఇంకో పని లేనట్టు. ప్లానింగ్ సారు దగ్గి, “మేస్త్రీ” అన్నాడు.

“దాని కింద మోసే రాడ్డు లేదమ్మా. నేను కోసేశాను.”

ట్యాంకు మూత గాలికి ఒకసారి టపటపలాడింది.

“వీడికి మతి పోయింది మేడం. ఇప్పటిదాకా బానే ఉన్నాడు” అన్నాడు ప్లానింగ్ సారు.

“ఎవరు కొట్టమంటే కొట్టావు?” అంది లాయరమ్మ నాన్నతో. మెల్లిగా కాలు వెనక్కి తీసుకుంది.

“అవన్నీ తర్వాత రాసుకోండి. కన్నం కొట్టమన్నది సారే, పూడ్చమన్నది ఈయనే, ఇప్పుడు మళ్ళీ కొట్టమన్నది సారే. అది మా పని, ఇరవై రెండేళ్ళుగా అదే పని. రాడ్డు కొయ్యమని మాత్రం ఎవరూ చెప్పలేదు. అది నేనే కోశాను. అడ్డ రాడ్డనుకున్నాను. అతికించకుండా పూడ్చాను. ఇప్పుడు పైన ఐదు టన్నులున్నాయి. అందరూ దిగండి, గోడ వారగా. ట్యాంకు ఖాళీ చెయ్యాలి, కింద నుంచి స్లాబుకి ఆనించి ఇనప జాకీలు పెట్టాలి.”

టీచరు గారు తన డాబా వైపు తొంగి చూసింది. పడితే కొంత ఆ ఇంటి మీదే పడుతుంది. ఆవిడ లెక్క వేసుకున్నట్టుంది, మెట్ల వైపు నడిచింది.

“జాకీలు ఎక్కడ తెస్తాం ఇప్పటికిప్పుడు?” అన్నాడు ప్లానింగ్ సారు.

ఇంకోటి గారు నేల చూపులు చూశాడు. నాన్న ఆయన్నే చూశాడు.

“గోడౌనులో ఉన్నాయి” అన్నాడు ఇంకోటి గారు చివరికి. “ఆరోది వేద్దామని తెప్పించాను.”

లాయరమ్మ అది కూడా రాసుకుంది.

ట్యాంకు కుళాయి తిప్పితే రెండు గంటలు పడుతుందని ఇంకోటి గారు లెక్క చెప్తుండగానే నాన్న గోడ పక్క నుంచి వెళ్ళి పైపుని సుత్తితో ఒక్కటిచ్చాడు. నీళ్ళు తూములోకి కొన్ని, మెట్ల మీదకి కొన్ని దూకాయి. ప్లానింగ్ సారు బూట్లు చేత పట్టుకుని దిగాడు. మేడం కంట పడకుండా నాలుగో అంతస్తులో చెప్పులు చేత పట్టుకుని దాక్కున్న ముప్ఫై మంది ఆయన్ని చూసి, ఈయన పేరు కూడా కలిపేశారనుకుని జాలిపడ్డారు.

జాకీలు ఐదో అంతస్తు గుమ్మం దాకా అందరం మోశాం. గుమ్మం దగ్గర నాన్న చెయ్యి అడ్డం పెట్టాడు.

“ఇక్కడ్నుంచి ఎవరూ రావద్దు.”

“బావా, మనుషుల్ని పిలిపిద్దాం. ఫైరింజను వాళ్ళొస్తారు” అంది పిన్ని.

“వాళ్ళొచ్చేసరికి నీళ్ళు పోయి ఉండాలి, లేకపోతే ఆ స్లాబే పోయి ఉంటుంది. ఏ రాడ్డు ఎటుందో వాళ్ళకేం తెలుసు? చూసింది నేను.”

“నాన్నా, ఒకటి నేను పట్టుకుంటా.”

“నువ్వు పట్టుకునేది అక్కడే నిలబడి పట్టుకో.”

లోపలికెళ్ళాడు. ఒక జాకీ భుజాన వేసుకుని, బల్లలు పక్కకి జరుపుతూ, కప్పు వైపు చూస్తూ. జాకీ నిలబెట్టి, పైన చెక్క పెట్టి, కింద మర తిప్పుతాడు. ఒక్కో తిప్పుకీ ఇనుము కీచుమంటుంది. నాలుగు తిప్పులకి ఆగి, చెక్కని అరచేత్తో తట్టి వింటాడు. మళ్ళీ తిప్పుతాడు. మరీ బిగిస్తే కప్పు పైకి లేచి వేరే చోట పగులుతుంది, వదులుంటే పెట్టినా ఒకటే పెట్టకపోయినా ఒకటే. ఒకటి అయ్యింది. రెండు. మూడోది తెస్తుండగా పిన్ని బల్ల మీద పెచ్చు ఊడి పడింది. పళ్ళెమంత పెచ్చు. టేబుల్ ఫ్యాను ఒరిగిపోయి, పక్కకి పడి కూడా తిరుగుతూనే ఉంది. నాన్న దుమ్ములో కనపడలేదు.

పిన్ని నా చెయ్యి ఎంత గట్టిగా పట్టుకుందంటే, ఆ వేళ్ళ గుర్తులు నా మనవలకి కూడా ఉంటాయి.

దుమ్ములోంచి దగ్గు వినపడింది. తర్వాత ఇనుము కీచుమంది. నాలుగు తిప్పులు. తట్టు. మళ్ళీ తిప్పులు.

మొత్తం తొమ్మిది జాకీలు పెట్టాడు. పైన నీళ్ళ చప్పుడు సన్నబడింది. బయటికొచ్చేసరికి నాన్న తల, కనుబొమ్మలు, మీసం అంతా తెల్లగా ఉంది, ముప్పావు గంటలో ముప్ఫై ఏళ్ళు పైబడ్డట్టు.

“ఇప్పటికి నిలబడుతుంది” అన్నాడు. “రేపటి సంగతి చెప్పలేను.”

లాయరమ్మ బిల్డింగు మొత్తం ఖాళీ చేయించమని పోలీసులకి ఫోను చేసింది. తర్వాత టీచరు గారి వరండాలో కూర్చుని ఒళ్ళో ఫైలు పెట్టుకుని రాయడం మొదలుపెట్టింది. నాన్న మెట్టు మీద కూర్చున్నాడు. పిన్ని నీళ్ళిచ్చింది. ప్లానింగ్ సారు గేటు దగ్గర తడిసిన సాక్సులు పిండుకుంటూ ఎవరికో ఫోను మీద ఫోను చేస్తున్నాడు. అవతల ఎవరూ ఎత్తుతున్నట్టు లేదు.

“ఇది జడ్జి గారి దగ్గరకెళ్తుంది” అంది లాయరమ్మ. “మీరు కోర్టుకి రావాలి. కొట్టినట్టు రాసిచ్చి, పూడ్చింది చెప్పకపోవడం తప్పే. శిక్ష పడొచ్చు. మీ అమ్మాయి ఫొటోల సంగతి కూడా అడుగుతారు.”

“పడితే పడుద్ది” అన్నాడు నాన్న. “మా అమ్మాయి నేను తియ్యమంటే తీసింది. అది కూడా రాయండి.”

“రాశాను. నేను రాసింది చదువుతాను, తప్పులుంటే చెప్పండి.”

చదివింది. తేదీలు, సారు ఫోను, ఇంకోటి గారు సిమెంటు పొయ్యమనడం, ఆరో అంతస్తు జాకీలు, అన్నీ ఉన్నాయి. టీచరు గారు పక్కన నిలబడి ప్రతి తేదీకీ తలూపింది. పరీక్ష పేపరు దిద్దుతున్నట్టే ఉంది. నాన్న తల వంచుకుని విన్నాడు. నాకు తెలిసిన సంగతులే అన్నీ.

“...అడ్డ రాడ్డని పొరపడి, స్లాబు బరువు మోసే రాడ్డు ఒకటి కోసి, దాన్ని తిరిగి అతికించకుండా పూడ్చినట్టు ఒప్పుకున్నాడు” అని ముగించి పెన్ను నాన్న చేతికిచ్చింది. “సరిగ్గా ఉందా?”

నాన్న పెన్ను పట్టుకున్నాడు. సంతకం పెట్టలేదు. కాగితం మీద ఆ వరస ఎక్కడుందో వెతుక్కున్నాడు, వేలితో, కప్పు మీద జానలు కొలిచినట్టు. సిమెంటు దుమ్ము ఆ వరస కింద తెల్లటి గీతలా పడింది.

“ఒకటి కాదమ్మా” అన్నాడు. “రెండు.”

నేను నాన్న వైపు చూశాను. పిన్ని చేతిలో గ్లాసు అలాగే ఉండిపోయింది.

“మొదటిది తెలీక కోశాను. ఇంకో రాడ్డు కన్నం మధ్యలో ఉండి తల పట్టలేదు. ఫొటోలో తల పట్టాలని సారు అంటారు కదా. అప్పటికే అవి మోసే రాడ్లని తెలిసిపోయింది. మా అమ్మాయి కిందకి దిగాక, తెలిసే రెండోది కోశాను. ఎలాగూ అతికిస్తాం కదా అనుకున్నాను.” వేలితో ఆ తెల్ల గీత తుడిచాడు. “అమ్మాయికి కూడా ఒకటనే చెప్పాను.”

లాయరమ్మ తలెత్తి పక్క బిల్డింగు వైపు ఒకసారి చూసి, టీచరు గారితో మెల్లిగా అంది. “మీరు కూడా ఈ పూటే ఇల్లు ఖాళీ చెయ్యండి.”

టీచరు గారు లోపలికెళ్ళింది. బీరువా తలుపు తీసిన చప్పుడు వినపడింది.

లాయరమ్మ ‘ఒకటి’ కొట్టేసి పైన ‘రెండు’ అని రాసింది. ‘పొరపడి’ అన్న మాట దగ్గర పెన్ను ఆపి, దాని పక్కన ఒక వరస కొత్తగా చేర్చి, అది కూడా చదివి వినిపించింది. కింద ఒక సంతకం, దిద్దిన చోట ఒకటి, చేర్చిన చోట ఒకటి కావాలంది. నాన్న ప్యాంటుకి చెయ్యి తుడుచుకుని మూడు చోట్లా పెట్టాడు.